హీరోని కొట్టిన చెయ్యి

మాంసం కొట్టు వదిలి కెమెరా ముందుకొచ్చిన రోమన్ మారియో బ్రేగా. సెర్జియో లియోనె వెస్టర్న్ సినిమాల్లో క్లింట్ ఈస్ట్‌వుడ్‌నీ, ఎలి వాలాక్‌నీ చితకబాదిన సహాయ విలన్ ఆయనే. యాభై దాటిన వయసులో అదే మనిషి ఇటలీ ప్రేక్షకులకు కడుపుబ్బ నవ్వించే ఇంటి పెద్ద అయ్యారు. పోస్టర్ మీద ముఖం లేని ఒక నటుడి ప్రయాణం ఇది.

అమెరికా అంతర్యుద్ధం నాటి ఖైదీల శిబిరం. గది బయట యుద్ధఖైదీలు కూర్చుని వాద్యాలు వాయిస్తుంటారు. ఇంకా మనసు పెట్టి వాయించమని కాపలా సైనికుడు గద్దిస్తుంటాడు. లోపల టూకో అనే దొంగకి భోజనం పెట్టి, పాతిపెట్టిన బంగారం గుట్టు లాగాలని చూస్తుంటాడు విలన్‌గా నటించిన లీ వాన్ క్లీఫ్. టూకో నోరు విప్పడు. అప్పుడు కార్పొరల్ వాలస్ ముందుకొస్తాడు. భారీ శరీరం, గుబురు గడ్డం, రోకళ్లలాంటి చేతులు. పిడిగుద్దులు కురిపిస్తాడు. బొటనవేళ్లతో కళ్లు నొక్కుతాడు. బయట పాట ఎందుకు వాయిస్తున్నారో ప్రేక్షకుడికి అప్పుడు అర్థమవుతుంది. లోపలి అరుపులు బయటికి వినబడకూడదు, అంతే.

1966లో వచ్చిన 'ది గుడ్, ది బ్యాడ్ అండ్ ది అగ్లీ'లో మరచిపోలేని ఘట్టాల్లో ఇదొకటి. అంతవరకు టూకో మనల్ని నవ్వించే జిత్తులమారి. ఈ గదిలో మొదటిసారి అతని మీద జాలి పుడుతుంది. ఆ జాలి పుట్టించిన ఘనత టూకోగా నటించిన ఎలి వాలాక్‌ది, మొర్రికొనె సంగీతానిది అని విమర్శకులు రాశారు. నిజమే. అయితే అందులో సగం వాటా కొట్టిన మనిషిది. దెబ్బ నమ్మించేలా పడకపోతే నొప్పి నమ్మించేలా పుట్టదు. ఆ దెబ్బ కొట్టిన నటుడు మారియో బ్రేగా.

కొట్టు నుంచి సెట్టుకి

బ్రేగా 1923లో రోమ్‌లో పుట్టారు. అసలు పేరు ఫ్లొరెస్తానొ. సినిమాల్లోకి రాకముందు మాంసం కొట్టేవారు. నటనలో శిక్షణ లేదు, నాటకానుభవం లేదు. ఉన్నదల్లా ఆరడుగుల పైచిలుకు ఎత్తు, అందుకు తగ్గ బరువు, ఒకసారి చూస్తే గుర్తుండిపోయే ముఖం.

అప్పటి ఇటలీ సినిమాకి సరిగ్గా అలాంటి ముఖాలే కావాలి. 1955లో ఆ దేశంలో 81.9 కోట్ల సినిమా టికెట్లు తెగాయి. జనాభా చూస్తే ఐదు కోట్లు కూడా లేదు. పెద్ద నగరాల్లో మొదటి ఆట హాళ్లు, ఆ తర్వాత రెండో వరస, మూడో వరస హాళ్లు, చిన్న ఊళ్ల టాకీసులు. మన దగ్గర ఏ, బీ, సీ సెంటర్లు అన్నట్టే అక్కడా లెక్క. అన్ని తెరలకీ వారం వారం కొత్త బొమ్మ పడాలి. ఒక రకం సినిమా ఆడిందంటే అదే వరసలో పదులకొద్దీ తీసేవారు. 1958లో 'హెర్క్యులిస్' ఆడింది, కండలవీరుల పౌరాణికాలు వెల్లువెత్తాయి. 1964 తర్వాత గుర్రాలు, తుపాకుల కాలం వచ్చింది. వాటి వెనకే హత్యారహస్యాల థ్రిల్లర్లు, పోలీసు సినిమాలు. కథలు మారాయి, దుస్తులు మారాయి. హీరో చుట్టూ నిలబడే మనుషులు మాత్రం చాలావరకు వాళ్లే.

బ్రేగా మొదట కనిపించింది వెస్టర్న్‌లో కాదు. దినో రీసి 1962లో తీసిన 'రోమ్ మీదికి దండయాత్ర'లో ఆయనది ఒక ఫాసిస్టు దళ సభ్యుడి వేషం. ముసొలినీ అధికారంలోకి వచ్చిన 1922 నాటి యాత్ర మీద తీసిన వ్యంగ్య చిత్రమది. విత్తోరియో గస్మాన్, ఉగో తొన్యాత్సి లాంటి హేమాహేమీల పక్కన కూడా ఈ కొత్త మనిషి కంటబడ్డాడు. దౌర్జన్యానికి ఒక రూపం కావాలంటే బ్రేగాని పిలవచ్చన్న సంగతి పరిశ్రమకి తెలిసింది.

అరువు పేరు, అరువు గొంతు

1964లో సెర్జియో లియోనె అనే అంతగా పేరులేని దర్శకుడు సుమారు రెండు లక్షల డాలర్ల బడ్జెట్‌తో 'ఎ ఫిస్ట్‌ఫుల్ ఆఫ్ డాలర్స్' మొదలుపెట్టారు. టీవీ సీరియల్ నటుడు క్లింట్ ఈస్ట్‌వుడ్‌కి ఇచ్చింది 15,000 డాలర్లు. అమెరికా-మెక్సికో సరిహద్దు ఎడారిగా నటించింది స్పెయిన్. వెస్టర్న్ అంటే అమెరికావాళ్లే తీయాలన్న నమ్మకం అప్పట్లో బలంగా ఉండేది. అందుకని టైటిల్స్‌లో అందరికీ ఇంగ్లిషు పేర్లు తగిలించారు. లియోనె 'బాబ్ రాబర్ట్‌సన్' అయ్యారు. సంగీత దర్శకుడు మొర్రికొనె 'డాన్ సావియో'. ప్రధాన విలన్ జాన్ మరియా వొలొంతె 'జాన్ వెల్స్'. మన బ్రేగా 'రిచర్డ్ స్టైవెసంట్'.

ఆ సినిమాలో ఆయన పాత్ర చీకో, రోహో సోదరుల ముఠాలో ముఖ్యుడు. ఈస్ట్‌వుడ్‌ని పట్టుకుని ఒళ్లు హూనం చేసేవాళ్లలో ముందుండేది వాడే. హీరో ముఖం గుర్తుపట్టలేనంతగా వాచిపోతుంది, నేల మీద పాకుతూ తప్పించుకోవలసి వస్తుంది. అంతకుముందు వెస్టర్న్ హీరోలు ఇంత దెబ్బతిని కనబడింది తక్కువ. చివరి పోరులో అతను తిరిగి లేచి నిలబడితే హాలు ఊగిపోయిందంటే కారణం ఈ చిత్రహింసే. హీరో ఎంత ఎత్తుకు ఎగురుతాడన్నది అతన్ని ఎంత లోతుకు తొక్కారన్నదాని మీదే ఆధారపడుతుంది. ఆ తొక్కే పని చీకోది. ఫలితంగా పెద్ద పీపా దొర్లి మీదపడి చీకో చస్తాడు.

పేరు సరే, గొంతు కూడా ఆయనది కాదు. ఆ రోజుల్లో ఇటలీ సినిమాలకు సెట్టు మీద ధ్వని రికార్డు చేసే అలవాటు దాదాపు లేదు. అమెరికన్ ఇంగ్లిషులో, స్పానిష్ నటుడు స్పానిష్‌లో, రోమన్ తన యాసలో మాట్లాడుకుంటూ నటించేవారు. తర్వాత రోమ్ స్టూడియోల్లో చెయ్యి తిరిగిన డబ్బింగ్ కళాకారులు అన్ని పాత్రలకీ గొంతులు పోసేవారు. లియోనె వెస్టర్న్‌ల ఇటాలియన్ ప్రతుల్లోనూ బ్రేగా నోటి నుంచి వచ్చింది వేరేవాళ్ల గొంతే. అంటే కోట్లాది మంది చూసిన ఆ నటుడి దగ్గర సొంతంగా మిగిలింది శరీరం ఒక్కటే. నిలబడే తీరు, మెడ తిప్పే తీరు, చెయ్యి ఎత్తే తీరు. వాటితోనే ఆయన తన పాత్రల్ని నిలబెట్టుకోవాలి.

ముఖమే మైదానం

లియోనెకి ముఖాల పిచ్చి. ఆ పిచ్చికి ఒక సాంకేతిక సదుపాయం కలిసొచ్చింది. ఈస్ట్‌వుడ్ హీరోగా ఆయన డాలర్ చిత్రాలు తీసింది టెక్నిస్కోప్ పద్ధతిలో. మామూలుగా ఫిల్ము మీద ఒక్కో ఫ్రేముకి నాలుగు రంధ్రాల ఎత్తు పడుతుంది. టెక్నిస్కోప్‌లో రెండే. ఫిల్ము ఖర్చు సగానికి తగ్గి, వెడల్పు తెర బొమ్మ చవగ్గా వచ్చేది. పైగా సాధారణ లెన్సులే వాడొచ్చు కాబట్టి కెమెరాని మనిషి ముఖానికి బాగా దగ్గరగా తీసుకెళ్లే వీలుండేది. చెమట, ముడతలు, గడ్డంలో దుమ్ము, ఒక కన్ను కాస్త చిట్లించడం అన్నీ తెరనిండా కనిపించేవి. అలాంటి చట్రంలో సహాయ నటుడు గుంపులో గోవిందయ్యగా మిగలడు. రెండు సెకన్ల క్లోజప్‌లో ఒక జీవితం చూపించే అవకాశం అతనికీ దొరుకుతుంది.

ఆ అవకాశాన్ని అందుకున్నవాళ్లు చాలామంది. స్పెయిన్ నుంచి వచ్చిన ఆల్దో సాంబ్రెల్, ఫైట్లు కూర్చుతూనే వేషాలు వేసిన బెనీతో స్తెఫనెల్లి, మిలన్ నగరంలోని ప్రఖ్యాత పికోలో థియేటర్‌లో శిక్షణ పొంది బ్రెఖ్త్ నాటకాల్లో పేరు తెచ్చుకున్న లుయీజి పిస్తిల్లి. చదువుకున్న రంగస్థల నటుడు పిస్తిల్లి ఒకవైపు, మాంసం కొట్టు బ్రేగా మరొకవైపు. 1965 నాటి 'ఫర్ ఎ ఫ్యూ డాలర్స్ మోర్'లో ఇద్దరూ ఒకే దొంగల ముఠా. పిస్తిల్లి పాత్ర గ్రోగీ బుర్ర ఉన్నవాడు. బ్రేగా పాత్ర నీన్యో, నాయకుడు ఇందియో రహస్యంగా అప్పగించిన కుట్రని మారుమాట లేకుండా అమలుచేసే నమ్మినబంటు. చివరికి కుట్ర పసిగట్టిన గ్రోగీ చేతిలో నీన్యో చస్తాడు. బుర్ర, చెయ్యి రెండూ ఒకే ముఠాలో ఎలా పనిచేస్తాయో ఈ ఇద్దరు నటుల్నీ పక్కపక్కన చూస్తే తెలుస్తుంది. శిక్షణ ఉన్నవాడు, లేనివాడు అన్న తేడా తెర మీద ఎక్కడా కనిపించదు.

చావడమూ ఒక విద్యే

సహాయ విలన్ ఉద్యోగంలో తప్పనిసరి అంశం చావు. అది కథకి పనికొచ్చేలా చావాలి. కార్పొరల్ వాలస్ చావు చూడండి. టూకోని సంకెళ్లతో తన చేతికే కట్టుకుని రైల్లో తీసుకెళుతుంటాడు వాలస్. టూకో ఒంటేలు నెపంతో బోగీ తలుపు దగ్గరికి వచ్చి, నడుస్తున్న రైల్లోంచి వాలస్‌తో సహా దూకేస్తాడు. వాణ్ణి చంపాక మిగిలిన సమస్య సంకెల. ఎంత లాగినా తెగదు. శవాన్ని పట్టాల మీద పడేసి, తాను పక్కన పడుకుని, వచ్చే రైలుతో గొలుసు తెంపించుకుంటాడు. ఆ చిత్రీకరణ ఎంత ప్రమాదకరంగా సాగిందో వాలాక్ తన ఆత్మకథలో రాశారు. బోగీల కింద బయటికి పొడుచుకొచ్చిన ఇనప మెట్లు ఉన్నాయనీ, తల కాస్త ఎత్తి ఉంటే తన ప్రాణం పోయేదనీ. వాలస్ పాత్ర బరువే లేకపోతే ఈ దృశ్యమే లేదు. బతికున్నప్పుడు టూకో మీద పడిన ఆ భారం, చచ్చాక కూడా అతని చేతికి వేలాడుతూనే ఉంటుంది. మాట లేకుండా, కదలిక లేకుండా కూడా బ్రేగా శరీరం కథని నడిపిస్తుంది.

1968లో సెర్జియో కొర్బుచ్చి 'ది గ్రేట్ సైలెన్స్' తీశారు. ఇసక బదులు మంచు. ఉత్తర ఇటలీ కొండల్లో కొర్తీనా ద అంపెజ్జొ ప్రాంతంలో తీసిన ఈ వెస్టర్న్‌లో హీరో మూగవాడు, వేషం జాన్ లూయీ త్రాంతిన్యాఁది. మనుషుల్ని వేటాడి డబ్బు చేసుకునే క్రూరుడు క్లౌస్ కిన్‌స్కి. వడ్డీవ్యాపారి పోలికట్‌గా పిస్తిల్లి, అతని అనుచరుడు మార్టిన్‌గా బ్రేగా. హీరో కుడిచెయ్యి నిప్పుల్లో కాలేది ఈ మార్టిన్ వల్లే. ఆఖరి పోరుకి హీరో పాడైన చేత్తోనే వెళతాడు, ఓడిపోతాడు. ఇటలీ వెస్టర్న్‌లన్నిటిలో అత్యంత విషాదకరమైన ముగింపుకి బీజం వేసిన చెయ్యి కూడా బ్రేగాదే.

ఎడారి ఎండిపోయాక

పదేళ్లలో ఇటలీ ఐదువందలకు పైగా వెస్టర్న్‌లు తీసిందని అంచనా. ఏ వెల్లువైనా తగ్గక మానదు. 1970లో టెరెన్స్ హిల్, బడ్ స్పెన్సర్ జంట 'ట్రినిటీ' చిత్రంతో తుపాకీ కథనే హాస్యంగా మార్చేసింది. లియోనె నిర్మాణంలో 1973లో వచ్చిన 'మై నేమ్ ఈజ్ నోబడీ'లో బ్రేగా మళ్లీ కనిపించారు. 70ల చివరికి వచ్చేసరికి గుర్రాలు లేవు, సెలూన్లు లేవు. ఇంటింటికీ టీవీ వచ్చి చిన్న హాళ్లు మూతబడ్డాయి. ముఠాల్లో నిలబడి పొట్టపోసుకున్న నటుల్లో చాలామంది అడ్రసు లేకుండా పోయారు. బ్రేగా కథ కూడా అక్కడే ముగిసేది.

ముగియనివ్వని మనిషి మళ్లీ లియోనెయే. టీవీ హాస్య కార్యక్రమాల్లో మెరిసిన కార్లో వెర్దోనె అనే ముప్పైకి చేరువలో ఉన్న రోమన్ కుర్రవాణ్ణి ఆయన చేరదీసి, దర్శకుడిగా మొదటి సినిమా 'ఉన్ సక్కో బెల్లో'కి అండగా నిలిచారు. సంగీతం మొర్రికొనెది. 1980లో వచ్చిన ఆ చిత్రంలో హిప్పీల్లో కలిసిపోయిన కొడుకుని ఇంటికి లాక్కొచ్చి, దారిలో పెట్టాలని తంటాలుపడే తండ్రి వేషం బ్రేగాకి దక్కింది. కొడుకు వెర్దోనె. వాడికి బుద్ధి చెప్పడానికి తండ్రి పిలిపించిన చర్చి ఫాదరూ, ప్రొఫెసరూ, చుట్టాలబ్బాయీ కూడా వెర్దోనెయే! నలుగురు వెర్దోనెల మధ్య ఒక్క బ్రేగా. అయినా ఆ గదిలో చూపు తిప్పుకోనివ్వనిది ఆ తండ్రే. కొడుకు వెంట వచ్చిన పిల్ల ఫాసిస్టు అని నోరు జారితే, తాను ఎంతటి కమ్యూనిస్టో రెండు పిడికిళ్లూ ఎత్తి చూపిస్తాడు. 1962లో ఫాసిస్టు దళంలో తెర మీదికి వచ్చిన నటుడికి పద్దెనిమిదేళ్ల తర్వాత దక్కిన పాత్ర ఇది. ఇటలీ ఈనాటికీ ఆ పిడికిళ్లని అనుకరిస్తుంది.

ఈసారి గొంతు కూడా సొంతమే. గరగరలాడే ఆ కంఠం, రోమ్ బస్తీల యాస, మాట తర్వాత మాట తోసుకొచ్చే కోపం. ఇంతకాలం డబ్బింగ్ గదిలో కొట్టేసిన సంపద అది. వెస్టర్న్‌లలో ఆ మనిషిని చూసినవాళ్లు ఇప్పుడు మొదటిసారి విన్నారు. విన్నాక గానీ అర్థంకాలేదు, ఆయన లోపల ఎంత పెద్ద హాస్యనటుడు దాగి ఉన్నాడో.

ఈకంత తేలిక

మరుసటి ఏడు వెర్దోనె, లియోనె అండతోనే 'బియాంకో, రొస్సో ఎ వెర్దోనె' తీశారు. ఎన్నికల్లో ఓటెయ్యడానికి సొంత ఊళ్లకి బయల్దేరిన ముగ్గురి కథ. అందులో ఒక అమాయకుడు తన నాయనమ్మని కారెక్కించుకుని రోమ్ వస్తుంటాడు. నాయనమ్మ వేషం ఎలెనా ఫాబ్రీత్సిది. పెద్ద నటుడు ఆల్దో ఫాబ్రీత్సి చెల్లెలు, రోమ్‌లో తీబర్ నది మధ్యనున్న లంకలో హోటలు నడిపిన ఇల్లాలు. సోరా లెల్లా అంటే ఆ ఊళ్లో తెలియనివాళ్లు లేరు.

దారిలో ఆవిడకి ఇంజెక్షన్ పొడవాలి. పొడవడానికి మనిషి లేడు. ముందుకొచ్చినవాడు ఒక లారీ డ్రైవరు, తోటివాళ్లు 'ప్రిన్స్' అని పిలిచే భారీ మనిషి. బ్రేగా! లియోనె సినిమాలు చూసిన ప్రేక్షకుడికి గుండె ఝల్లుమంటుంది. ఈ చేతులేనా సూది పట్టేది? సూది దిగుతుంది. ఆవిడకి తెలియనే తెలియదు. అప్పుడు ప్రిన్స్ గర్వంగా ప్రకటిస్తాడు, తన చెయ్యి ఇనుమూ కాగలదు, ఈకా కాగలదు, ఇవ్వాళ ఈక అయిందని. రోమ్‌లో సామెతలా స్థిరపడిన మాట ఇది.

ఈ దృశ్యం నవ్విస్తుంది. నవ్వు వెనక ఇంకొకటి జరుగుతుంది. ఏళ్ల తరబడి ఇనుముగా మాత్రమే వాడుకున్న చేతిని ఒక దర్శకుడు తిప్పి చూశాడు. పెద్ద చేతికే మృదుత్వం అందమని గుర్తించాడు. చిన్న చేతులున్న నటుడు అదే మాట అంటే అది ఉత్త డైలాగు. బ్రేగా అంటే ఆ మాట వెనక చీకో, నీన్యో, వాలస్, మార్టిన్ నిలబడతారు. ఇన్నేళ్ల దౌర్జన్యం అంతా ఈ ఒక్క సూదిపోటుకి పెట్టుబడి అయింది. బ్రేగా, సోరా లెల్లా ఇద్దరూ నటన చదువుకోనివాళ్లే, ఒకరు మాంసం కొట్టినవారు, ఒకరు వంట వండినవారు. వాళ్ల మధ్య జరిగిన ఆ కాసేపు సంభాషణలో రోమ్ నగరం మొత్తం మాట్లాడుతుంది.

ఆ వెంటనే 1982లో వెర్దోనె 'బొరొతాల్కొ'లో హీరోకి కాబోయే మామగారు. 1983లో కార్లో వంజీనా తీసిన 'క్రిస్మస్ సెలవులు'లో డబ్బున్నవాళ్ల మంచు విడిదికి వెళ్లిన రోమ్ మధ్యతరగతి తండ్రి. ఆ విడిది కొర్తీనా. 'గ్రేట్ సైలెన్స్'లో హీరో చెయ్యి కాల్చిన మంచులోనే ఇప్పుడు పెళ్లాం బిడ్డలతో విహారం. అందులో ఆయన కొడుకుగా వేసింది క్లౌదియో అమెండోలా. ఆ కుర్రవాడి కన్నతండ్రి ఫెర్రూచ్చొ అమెండోలా, రాబర్ట్ డి నీరోకి ఇటాలియన్‌లో గొంతిచ్చిన డబ్బింగ్ దిగ్గజం.

మన తెర మీద

ఆ ఎడారి ధూళి తెలుగునాటా ఎగిరింది. లియోనె చిత్రాల ప్రేరణతో 1971లో పద్మాలయా సంస్థ 'మోసగాళ్ళకు మోసగాడు' తీసింది. కృష్ణ హీరో, కె.ఎస్.ఆర్. దాస్ దర్శకత్వం, ఆరుద్ర రచన. స్పెయిన్ స్థానంలో రాజస్థాన్ వచ్చింది. 2023లో కృష్ణ జయంతికి మళ్లీ విడుదలైతే కుర్రకారు కూడా హాళ్లకు వచ్చారు. ఆ సినిమా కృష్ణది ఎంతో, నాగభూషణం వేసిన నక్కజిత్తుల నాగన్నదీ అంతే. అందులో ఉన్న కైకాల సత్యనారాయణ అప్పటికి విలన్‌గా ముద్రపడినవారు. రెండేళ్లకే కె. విశ్వనాథ్ 'శారద'లో ఆయన్ని చెల్లెలి కోసం తపించే అన్నగా చూపించారు. రోమ్‌లో వెర్దోనె చేసిన పని కంటే ఏడేళ్లు ముందే మన దగ్గర ఒక దర్శకుడు చేశాడు. ప్రాంతం వేరైనా సహాయ నటుడి అదృష్టం ఒకే చోట తేలుతుంది, తనని రెండోసారి చూసే దర్శకుడి దగ్గర.

లెక్క తేలాల్సిన చోటు

1984లో లియోనె తన చివరి చిత్రం 'వన్స్ అపాన్ ఎ టైమ్ ఇన్ అమెరికా' విడుదల చేశారు. మొదట్లోనే డి నీరో కోసం వెతుకుతూ ఇళ్లమీద పడే గూండాల్లో ఒకడు బ్రేగా. నవ్వించడంలో ఇంత పేరొచ్చాక కూడా పాత గురువు పిలిస్తే మళ్లీ కొట్టేవాడి వేషానికి వెళ్లారు. 1964లో మొదలైన బంధం ఇరవై ఏళ్ల తర్వాత అదే పనితో పూర్తయింది. 1989లో లియోనె కన్నుమూశారు. 1994 జులైలో రోమ్‌లో బ్రేగా వెళ్లిపోయారు. వయసు డెబ్బై ఒకటి.

హీరో వేషాల కోసం ప్రయత్నించి ఓడిపోయినవాడే సహాయ నటుడు అవుతాడన్న అపోహ ఒకటి మనలో ఉంది. బ్రేగా జీవితం ఆ అపోహని చెరిపేస్తుంది. ఆయన పని వేరు. హీరోకి ప్రమాదం నిజమనిపించాలి, ఊరికి రంగు రావాలి, ఇంటికి తండ్రి కావాలి. ఆ పని బాగా చెయ్యకపోతే ఎంత పెద్ద స్టారయినా గాలిలో పిడికిలి ఊపినట్టే ఉంటుంది. ఇటలీ చవక సినిమాలు అరవై ఏళ్ల తర్వాత కూడా ప్రాణంతో ఉన్నాయంటే కారణం వాటిలో నలుగురైదుగురు స్టార్లు ఉండటం కాదు, వాళ్ల చుట్టూ ఇలాంటివాళ్లు పదులకొద్దీ ఉండటం.

కాబట్టి ఈ సినిమాలు మళ్లీ చూసేటప్పుడు ఒక పని చేద్దాం. దెబ్బ పడినప్పుడు కొట్టినవాడి వైపు చూద్దాం. టైటిల్స్‌లో అతని పేరు ఎక్కడుందో వెతుకుదాం. 1964లో ఆ పేరుని దాచి 'రిచర్డ్ స్టైవెసంట్' అని వేశారు. ఆ పేరు మారియో బ్రేగా అని తెలిసి పలికితే ఆ కళకి చెల్లాల్సిన గౌరవంలో మన వాటా చెల్లినట్టే.